లిల్లీ అంటే లలిత కాదు

మీకు ఎన్ని పేర్లున్నాయండీ? నవ్వకండి, నిజంగానే అడుగుతున్నాను. బడి రిజిస్టర్లో ఒకటి, ఇంట్లో పిలిచేది ఒకటి, పెళ్లిపత్రికలో అచ్చయింది మరొకటి, రేషన్ కార్డు రాసినాయన తనకు తోచినట్టు రాసింది ఇంకొకటి. మగవాళ్లకు ఈ బాధ తక్కువ. మహా అయితే ఇంటిపేరు ముందా వెనకా అన్న పేచీ తప్ప వాళ్ల పేరు జోలికి ఎవరూ పోరు.

నాకు రెండు. పదో తరగతి, ఇంటర్ సర్టిఫికెట్లలో లిల్లీ. ఆధార్, ఓటరు కార్డు, రేషన్ కార్డుల్లో లలిత. ఇరవై ఏళ్లకు పైగా ఈ రెండూ వేరు కాపురాలు పెట్టిన తోడికోడళ్లలా ఒకదాని జోలికి ఒకటి రాకుండా ఉన్నాయి. 2021లో మా నాన్న పోయారు. ఆయన మణుగూరు బొగ్గు గనుల్లో పనిచేసి రిటైరయ్యాక ఒకచోట కొంత డబ్బు దాచి, నామినీగా నా పేరు రాశారు. "లిల్లీ, కుమార్తె" అని ఆయన చేతి రాత. డబ్బు కోసం వెళ్తే కౌంటర్లో ఉన్నాయన నా ఆధార్ కార్డు చూసి, "ఈ లిల్లీ ఎవరమ్మా?" అన్నాడు. నేనేనండీ అన్నాను. "మరి లలిత ఎవరు?" అన్నాడు. అదీ నేనేనండీ అన్నాను. వెనక లైన్లో నిలబడ్డవాళ్లు కిసుక్కున నవ్వారు. "ముద్దుపేరు రాస్తే ఎట్లమ్మా, అసలు పేరు ఉండాలె గదా" అని కాగితాలు వెనక్కి తోసేశాడు.

అసలు పేరు! నాకు చాలా కోపం వచ్చిందండీ. ఎందుకంటే అదే నా అసలు పేరు.

నేను పుట్టింది 1980 వానాకాలంలో. అమ్మకు రెండు రోజులు నొప్పులు. మంత్రసాని చేతులెత్తేస్తే నాన్న ఎవరినో బతిమాలి జీపు మాట్లాడుకుని గోదావరి అవతల ఉన్న మిషన్ ఆసుపత్రికి తీసుకెళ్లారు. అక్కడ ఒక నర్సమ్మ తన డ్యూటీ అయిపోయినా ఇంటికి పోకుండా తెల్లవార్లూ అమ్మ మంచం పక్కనే ఉందట. తల్లీ బిడ్డా దక్కారు. నాన్న ఆమెకు ఏదో ఇవ్వబోతే తీసుకోలేదట. "అయితే నీ పేరు చెప్పు తల్లీ" అని అడిగి, ఆ పేరే నాకు పెట్టారు. అమ్మమ్మ సమ్మక్క అని పెట్టాలని మేడారం మొక్కు మొక్కుకుంది. మా వైపు ఇంటికో సమ్మక్క, ఇంటికో సారక్క ఉంటారు కదా. నాన్న వినలేదు.

1999లో నా పెళ్లి. మా అత్తగారు మా అమ్మను పక్కకు పిలిచి, "లిల్లీ ఏంటి వదినగారూ, సినిమాల్లో క్లబ్బు డాన్సులు చేసేవాళ్ల పేరులా ఉంది. ల అక్షరమే కదా, లలిత అని వేయించండి పత్రికలో" అన్నారు. ఆవిడను తప్పు పట్టను. పాత సినిమాల్లో సీత, లక్ష్మి, జానకి అని ఉంటే హీరోయిన్, లిల్లీ, రోజీ, జూలీ అని ఉంటే చేతిలో గ్లాసు పట్టుకుని విలన్ పక్కన కూర్చునేది. ఇప్పుడు కాలం మారింది లెండి. 2019లో వచ్చిన డియర్ కామ్రేడ్‌లో హీరోయిన్‌నే లిల్లీ అని పిలిచారు. 2024లో టిల్లు స్క్వేర్ వచ్చాక మా వీధి పిల్లలు నన్ను చూసి ఒకటే నవ్వులు!

ఇంట్లో అందరూ ఒకటే మాట. "అన్ని కార్డుల్లో లలిత అని ఉంది. ఆ సర్టిఫికెట్లతో నీకింకేం పని? ఉద్యోగం చెయ్యాలా, ఊళ్లు ఏలాలా? లలితకే ఖాయం చేసుకో" అని. మా ఆడపడుచయితే, "అయినా వదినా, అంత పట్టుపట్టడానికి ఆ పేరులో ఏముంది? లలిత అంటే అమ్మవారు. లిల్లీ అంటే?" అంది. దానికి నా దగ్గర జవాబు లేకపోయింది. పువ్వు పేరని తెలుసు, అంతే. సరే, తెలుసుకుందామని కూర్చున్నాను.

ముందుగా ఒక చిత్రమైన సంగతి వినండి. మనం బజారులో కిలోల లెక్కన కొనే లిల్లీ పూలున్నాయే, పెళ్లి దండల్లోనూ పాడె మీదా ఒక్కలాగే వాసనలు గుప్పించేవి, అవి అసలు లిల్లీలే కావు! వాటి తెలుగు పేరు నేల సంపెంగ. హిందీ వాళ్లు రజనీగంధ అంటారు. ఇంగ్లీషులో ట్యూబ్‌రోజ్. అలాగని గులాబీ చుట్టమూ కాదు. దుంప నుంచి మొలుస్తుంది కనుక లాటిన్‌లో ట్యూబరోసా అన్నారు, అది నోళ్లలో నలిగి ట్యూబ్‌రోజ్ అయింది. పుట్టిల్లు మెక్సికో. అక్కడి పాత భాషలో దాన్ని ఎముక పువ్వు అనేవారట, ఎముకలా తెల్లగా ఉంటుందని. ఎక్కడి మెక్సికో, ఎక్కడి కడియం తోటలు చూడండి. అంత దూరం నుంచి మన దేశానికొచ్చి, మన దగ్గర లిల్లీ అనిపించుకుంది. ఈ పువ్వుకీ నాలాగే పేరు మార్చారన్నమాట.

(అన్నట్టు, కుండీలో వేసుకోవాలనుకునే వాళ్లకు ఒక మాట. దుంపను రెండంగుళాల లోతున పాతండి. ఎండ బాగా తగలాలి, నీళ్లు నిలవకూడదు. మూడు నాలుగు నెలల్లో కాడ వేస్తుంది. సాయంత్రం ఏడు దాటాక ఆ పక్కన కూర్చుంటే వంటింటి బడలికంతా పోతుంది.)

అసలు లిల్లీ వేరే. బాకాలా విచ్చుకున్న పెద్ద తెల్ల పువ్వు, లోపల పసుపు కేసరాలు. క్యాలెండర్ల మీద మరియమ్మకు శుభవార్త చెప్పే దేవదూత చేతిలో కనిపిస్తుందే, అదే. లాటిన్‌లో దాన్ని లీలియం అంటారు, ఇంగ్లీషు వాళ్ల లిల్లీ అందులోంచే వచ్చింది. ఎలిజబెత్ అన్న పెద్ద పేరును ముద్దుగా కుదించి లిల్లీ అని పిలవడమూ వాళ్ల ఇళ్లలో ఉంది. మనం వెంకటలక్ష్మిని వెంకీ అనమూ? అయితే పందొమ్మిదో శతాబ్దం చివర్లో ఇంగ్లాండులో ఆడపిల్లలకు పువ్వుల పేర్లు పెట్టడం పెద్ద మోజయిపోయింది. లిల్లీ, డైసీ, రోజ్, వయొలెట్, ఐవీ. మన నర్సమ్మలకు, టీచరమ్మలకు ఈ పేర్లే ఎక్కువ ఎందుకుంటాయా అని మీకెప్పుడైనా అనిపించిందా? మన దేశానికి మిషన్లు వచ్చి ఆసుపత్రులు, బడులు పెట్టిన కాలమూ, ఆ మోజు కాలమూ దాదాపు ఒకటే.

ఆ రోజుల్లో లిల్లీ లాంగ్‌ట్రీ అని ఒక అందగత్తె ఉండేది. 1853లో జెర్సీ దీవిలో పుట్టింది. ఆమె అసలు పేరు ఎమిలీ, పిలిచే పేరు లిల్లీ. జాన్ మిల్లే అనే పెద్ద చిత్రకారుడు 1878లో ఆమె బొమ్మ గీసి "జెర్సీ లిల్లీ" అని పేరు పెట్టాడు. తమాషా ఏమిటంటే బొమ్మలో ఆమె చేతిలో ఉన్నది జెర్సీ లిల్లీ కాదు. అది ఆ సమయానికి దొరక్క, పక్క దీవి పేరుతో పిలిచే గెర్న్సీ లిల్లీని ఇచ్చి నిలబెట్టారట. ఆ గెర్న్సీ లిల్లీ కూడా అసలు లిల్లీ జాతిది కాదు, దాని సొంత ఊరు దక్షిణాఫ్రికా. తెల్లవాళ్లు కూడా తెల్లని ప్రతి పువ్వునూ, చివరికి తెల్లగా లేనిదాన్నీ లిల్లీ అనేశారు. మన చెరువుల్లో కలువను వాటర్ లిల్లీ అనలేదూ? దానికీ లిల్లీకీ ఏ చుట్టరికమూ లేదు.

తరవాత అక్కడా ఆ పేరు పాతబడిపోయింది. అమ్మమ్మల పేరు, మేనత్తల పేరు అని పక్కన పెట్టేశారు. మళ్లీ 2000 దాటాక విపరీతంగా వచ్చేసింది. హ్యారీ పాటర్ తల్లి పేరు లిల్లీ అని మా అబ్బాయి చెప్పాడు. ఆమె చెల్లెలు కాని అక్క పేరు పెటూనియా, అదీ పువ్వే.

ఇక మా ఆడపడుచు ప్రశ్నకు జవాబు నాకు ఇంగ్లాండులో దొరకలేదు. మా పక్క వీధి పాస్టరమ్మగారింట్లో దొరికింది. ఆవిడ తెలుగులో ఎమ్మే. నా గోల విని బైబిలు తీసి పరమగీతము చూపించారు. ఇంగ్లీషులో లిల్లీ అని ఉన్నచోట తెలుగులో ఏమని ఉందనుకున్నారు? పద్మము! మన వాళ్లకు లిల్లీ తెలియదు కనుక తామరపువ్వును పెట్టారు. మత్తయి సువార్తలో లిల్లీలు మన అడవి పువ్వులయ్యాయి. అంతేకాదు, హీబ్రూలో లిల్లీని శోషన్నా అంటారట. దాన్నుంచే సుసన్నా, ఇంగ్లీషులో సుజాన్. మన పల్లెల్లో సుసన్న, సూసమ్మ అని ఎంతమంది లేరు! వాళ్లంతా నాకు పేరింటి వాళ్లేనన్నమాట. అరబ్బీలో సౌసన్ కూడా ఆ మాటే.

ఆవిడ ఇంకొకటి చెప్పారు. ఈ శోషన్నా అన్న మాట ఇంకా పాతదైన ఈజిప్టు భాషలోంచి వచ్చిందని పండితులు అంటారట. అక్కడ సెషెన్ అంటే నీళ్లలో పూసే తామరపువ్వు. చూశారా మరి! ఈజిప్టు తామర హీబ్రూ వాళ్ల చేతిలో లిల్లీ అయింది, ఇంగ్లీషులో పిల్లల పేరయింది, తెలుగులోకి వచ్చేసరికి మళ్లీ పద్మమైంది. మన తెలుగు పండితులు ఈజిప్టు మాట తెలిసి చేశారో, ఊరికే మనకు నప్పే పువ్వని పెట్టారో కానీ, పువ్వు మాత్రం పుట్టింటికి చేరింది. పద్మ, నళిని, సరోజ, కమల, అరవింద అని ఎన్ని పేర్లు లేవు మనకు! అన్నీ లక్ష్మీదేవి కూర్చునే పువ్వు పేర్లే.

ఇంటికొచ్చి ఇదంతా మా అత్తగారికి చెప్పాను. ఆవిడకిప్పుడు డెబ్బై ఎనిమిదేళ్లు, చెవులు కొంచెం మందం. రెండుసార్లు చెప్పించుకుని, "ఆ ముక్క అప్పుడే మీ అమ్మ చెప్పుంటే పద్మ అనే వేయించేదాన్ని కదే" అన్నారు. నేనేమనను?

మా వైపు ఈ పేర్లు ఎలా వచ్చాయో కూడా పాస్టరమ్మగారే చెప్పారు. 1860ల నాటికే దుమ్ముగూడెంలో మిషన్ ఉంది. గోదావరి మీద పడవల రాకపోకల కోసం ఆనకట్ట పని చూసిన హేగ్ అనే ఇంగ్లీషు ఇంజనీరు దానికి కారకుడట. 1912లో డోర్నకల్ డయాసిస్ ఏర్పడి, అజరయ్యగారు మొదటి బిషప్ అయ్యారు. ఆంగ్లికన్ సంఘంలో బిషప్ అయిన మొదటి భారతీయుడు ఆయనే. మా మణుగూరు రైలు ఎక్కితే ఆ డోర్నకల్ మీదుగానే పోవాలి. ఆ దారినే మా అడవుల్లోకి బడులు, మందులు వచ్చాయి, వాటితో పాటు ఈ చిన్న చిన్న పేర్లూ వచ్చాయి. కన్నమ్మ, ముత్తమ్మల మధ్య ఒక డైసీ, ఒక గ్రేసు.

మరి మా అడవిలో లిల్లీ లేదా అంటే, ఉందండీ. వానలు పడగానే కంచెల మీదికి పాకే తీగ ఒకటుంది. ఆకు కొసే మెలి తిరిగి కొమ్మను పట్టుకుంటుంది. పువ్వు రేకులు పైకి లేచి మంటలా ఎర్రగా, అడుగున పసుపుగా ఉంటాయి. అగ్నిశిఖ అంటారు, అడవినాభి అంటారు. ఇంగ్లీషులో ఫ్లేమ్ లిల్లీ. బజారు లిల్లీ కంటే, చెరువు కలువ కంటే ఇదే అసలు లిల్లీకి దగ్గరి చుట్టమని శాస్త్రజ్ఞులు చెబుతారు. తమిళనాడుకు రాష్ట్ర పుష్పం కూడా. కానీ దుంప ఒట్టి విషం సుమా. పిల్లలున్న ఇంట్లో పెంచకండి. "నీకు తగ్గ పువ్వే" అన్నారు మావారు. ఆయన అలాగే అంటారు.

చివరికి నేను లిల్లీకే ఖాయం చేయించాను. లలితకైతే ఒక్క అఫిడవిట్‌తో అయిపోయేదట. దీనికి నోటరీ, పేపర్లో ప్రకటన, గెజిట్, మళ్లీ కార్డులన్నీ మార్పించడం. ఏడాదికి పైగా పట్టింది, ఖర్చు కూడా బాగానే అయింది. నాన్న దాచింది పెద్ద మొత్తమేమీ కాదు, అందులో కొంత దీనికే పోయింది. పోతే పోయింది. ఒక రాత్రంతా మేలుకున్న మనిషికి నాన్న ఇవ్వబోతే ఆమె తీసుకోని డబ్బు, అలా ఖర్చయిందనుకున్నాను.

కౌంటర్లో ఇప్పుడు వేరే అమ్మాయి ఉంది. కొత్త కార్డు చూసి సంతకం పెట్టమంది. లిల్లీ అని పెట్టాను. ఇంటర్ హాల్ టికెట్ మీద పెట్టిన తరవాత ఆ సంతకం పెట్టడం అదే మొదటిసారి. రెండో ల దగ్గర చెయ్యి కొంచెం తడబడింది. ఆ అమ్మాయి పట్టించుకోలేదు, స్టాంపు వేసి తరవాతి వాళ్లను పిలిచింది.