మన్యంలో మాస్టారు ఎవరి కోసం?

2020 ఏప్రిల్ 22న సుప్రీంకోర్టు తీర్పు వెలువడింది. షెడ్యూల్డు ప్రాంతాల బడుల్లో టీచరు ఉద్యోగాలన్నీ స్థానిక గిరిజనులకే కేటాయించిన 3వ నంబరు జీవో చెల్లదని అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం తేల్చింది. ఆ సాయంత్రం మా మామగారు ఫోను చేశారు. "అల్లుడుగారూ, మనవాడికో దారి దొరికినట్టే" అన్నారు. మా బావమరిది బి.ఇడి. ప్యాసై నాలుగేళ్లుగా డీయస్సీకి చదువుతున్నాడు. వాళ్లది అప్పటి విశాఖ జిల్లాలో మైదాన ప్రాంతం. పాడేరు, అరకు వైపు ఖాళీలు తనకూ అందుతాయని ఆశ. "మంచిదే కదండీ" అన్నాను. అప్పట్లో నేను మన్యంలోనే ఒక డిగ్రీ కాలేజీలో తెలుగు చెబుతూ జీతం తీసుకుంటున్నాను. అంచేత ఆ మాటకు రెండింతలు సిగ్గుపడాలి.

ఈ తగాదా నిన్న పుట్టింది కాదు. 1986లో ఇలాంటి జీవోనే వచ్చింది. 1989లో ట్రిబ్యునల్ దాన్ని కొట్టేసింది. 2000 జనవరి 10న, అయిదవ షెడ్యూలు కింద గవర్నరుకున్న అధికారాన్ని ఆధారం చేసుకుని 3వ నంబరు జీవో ఇచ్చారు. టీచర్లు కొండమీది బడులకు సరిగా రాకపోవడం ప్రభుత్వం చూపిన ముఖ్య కారణం. 2001లో హైకోర్టు మెజారిటీ తీర్పుతో దాన్ని నిలబెట్టింది. సుప్రీంకోర్టు కాదన్నది. అప్పటికే చేరినవాళ్ల ఉద్యోగాల జోలికి పోలేదు కాని, ఇకముందు రెండు తెలుగు రాష్ట్రాలూ 50 శాతం దాటరాదని షరతు పెట్టింది. 5 లక్షల రూపాయల కోర్టు ఖర్చులు కూడా రెండింటి మీదా వేసింది.

తీర్పులో న్యాయమే లేదనడం తొందరపాటు. నూటికి నూరూ ఒకరికే అంటే తక్కినవాళ్లకు దరఖాస్తు పెట్టే హక్కే లేకుండా పోతుంది. ఆ తక్కినవాళ్లలో ఏజెన్సీలో తరాలుగా బతుకుతున్న దళితులున్నారు. 1950 జనవరి 26 నుంచి అక్కడే కాపురమున్న కుటుంబమై ఉండాలన్న నిబంధనవల్ల గిరిజనుల్లోనే కొందరికి చోటు లేకపోయింది. వీటికి మనం సమాధానం చెప్పవలసిందే.

కాని 50 శాతం గీత దేవుడు గీసింది కాదు. 1992 నాటి మండల్ తీర్పే మారుమూల ప్రాంతాల అసాధారణ పరిస్థితుల్లో సడలింపుకు కొంత చోటిచ్చింది. 2022లో, అప్పటికే రిజర్వేషనున్న వర్గాలను మినహాయించి తక్కిన పేదలకిచ్చిన 10 శాతం కోటా విషయంలో ఆ గీత అడ్డం కాలేదు. గీత ఎవరికి సాగుతున్నదో, ఎవరికి బిగుస్తున్నదో గమనించాలి.

కాలేజీ మళ్లీ తెరిచాక, నా దగ్గర చదివే ఒక కోదు అమ్మాయి ఈ ప్రసక్తి తెచ్చింది. టీచరు కావాలన్నది ఆమె కోరిక. "మాస్టారూ, ఒకటో తరగతిలో నాకు తెలుగు ముక్క రాదు. బయటికెళ్తానని అడగడం చేతకాక గౌను తడుపుకునేదాన్ని. పంతులుగారు కొట్టేవారు. మా ఊరి అక్క బడిలో వంటకొచ్చేది. ఏమని అడగాలో ఆవిడే నేర్పింది" అన్నది.

ఈ అమ్మాయి పేపర్లోనే విభక్తులు తప్పాయని నేను ఎర్రసిరా పూశాను. తెలుగు ఆమెకు రెండో భాష అన్న సంగతి ఎం.ఏ. చదివిన నాకు తట్టలేదు. గిడుగు రామమూర్తి పంతులుగారు సవర నేర్చుకుని సవర పిల్లలకు బళ్లు పెట్టారని ఏటా పాఠం చెబుతాను. నాకు మాత్రం కువిలో పది మాటలు రావు.

1986 నుంచి ఈ దావాలో అందరూ ఉద్యోగాన్ని వాటాగానే లెక్కపెట్టారు. ఎవరికెంత అన్నదే ప్రశ్న అయింది. గౌను తడుపుకున్న పిల్ల ఏ కేసులోనూ కక్షిదారు కాదు. గిరిజనులకు గిరిజనులే చెప్పాలన్న భావాన్ని కోర్టు గట్టిగా నిరసించింది. సరే, పుట్టుక మాట పక్కన పెడదాం. ఆ పిల్ల మాట మాస్టారుకు అర్థమవుతుందా అన్నది మిగిలే ఉంది. ఆ లెక్కన జీవో కూడా అరకొరదే. ఇంట్లో తెలుగే మాట్లాడే భగత టీచరును కోదుల ఊరికి వేస్తే చిక్కు పూర్తిగా తీరదు. అయినా ఆ జీవో వల్లనే కొండపిల్లలు చాలామంది మొదటిసారి తమ మనిషిని మాస్టారి కుర్చీలో చూశారు.

అంచేత షెడ్యూల్డు ప్రాంతాలకు ప్రత్యేక డీయస్సీ కావాలని ఆదివాసీ సంఘాలు చేస్తున్న ఆందోళనను మనం బలపరచాలి. దానికి ఒకటి చేర్చాలి: ఆ బడి పిల్లల భాష రావడం అర్హత కావాలి. కువి, కోయ, గోండి, సవర వచ్చినవాళ్లకు టీచరు ట్రైనింగులో ముందు సీట్లివ్వాలి. అక్కడ పుట్టి పెరిగి ఆ భాష మాట్లాడే పేద దళితుడికీ అప్పుడు తలుపు మూసుకోదు.

ఈ మాటలన్నీ ఈ మధ్య మామగారికి చెప్పాను. ఆయన చాలాసేపు పలకలేదు. "మరి వీడి సంగతేమిటి, అల్లుడుగారూ?" అన్నారు చివరికి. మైదానంలో ఖాళీలు ఏళ్లతరబడి నింపనివాళ్లను అడగవలసిన ప్రశ్న అది. ఆయన నన్నడిగారు. వీధిలోకి వచ్చి ఆయనతో కలిసి ఆ ప్రశ్న అడగనంతకాలం, కోదు అమ్మాయి పక్షాన నేను రాసే వ్యాసాన్ని ఆయన ఎందుకు నమ్మాలి?