గంగ నడుమ ఒక లంక

ఎండ చల్లబడితే కోల్‌కతా జనం హుగ్లీ ఒడ్డుకు చేరుతారు. బాబూఘాట్ మెట్లమీద ఒకవంక పురోహితులు, మరొకవంక ఒళ్ళు మర్దించేవారు, మట్టిముంతల్లో టీ అమ్మేవారు. హౌరాకు పోయే లాంచీ నిండుతూ ఉంటుంది. ఆ బురదనీటిని చేతిలోకి తీసుకొని కళ్ళకద్దుకునే భక్తుడికి, వేసవిలో అందులో చాలా భాగం మూడువందల కిలోమీటర్ల ఎగువన బలవంతంగా మళ్ళించిన నీరన్న సంగతి స్ఫురించదు.

కోల్‌కతా సముద్రానికి సుమారు రెండువందల కిలోమీటర్ల లోపలనున్న రేవు. నది పూడిపోతే రేవుకు బ్రతుకులేదు. ఆ ఒండ్రును కడిగివేసేందుకే 1975లో ఫరక్కావద్ద గంగకు అడ్డంగా రెండు కిలోమీటర్లకు పైబడిన బ్యారేజీ పనిలోకి వచ్చింది. 38 కిలోమీటర్ల కాలువ గుండా నీరు భాగీరథికి, అక్కడినుంచి హుగ్లీకి చేరుతుంది. ఈ పథకం కీడు తెస్తుందని కపిల్ భట్టాచార్య అనే బెంగాలీ ఇంజనీరు ముందే హెచ్చరించారు. ఆయన మాట చెల్లలేదు. రేవులో పూడికతీత నేటికీ ఆగనూలేదు.

అడ్డుపడిన గంగ ఊరుకోలేదు. ఎగువన మాల్దాలోను, దిగువన ముర్షిదాబాదులోను గట్లను కోయసాగింది. పొలాలు, బడులు, గుళ్ళు, మసీదులు ఏటిపాలయ్యాయి. అయితే నది ఒకచోట మింగిన మట్టిని మరొకచోట కక్కుతుంది. నది నడుమ అలా లేచిన దిబ్బను బెంగాలీలు ‘చర్’ అంటారు. గోదావరి లంకలను ఎరిగినవారికి వేరే వివరణ అక్కరలేదు. భేదమల్లా ఒక్కటే: ఇక్కడ ఏరే దేశాల సరిహద్దు.

కోల్‌కతాకు చెందిన సౌరవ్ సారంగి అనే డాక్యుమెంటరీ దర్శకుడు ఈ నదిని వదలలేకపోయారు. పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఎడిటింగ్ నేర్చిన ఆయన, ఈ కోతమీద 2006లోనే ‘భాంగన్’ తీశారు. ఆ తర్వాత ‘బిలాల్’లో అంధులైన తల్లిదండ్రులతో నగరంలో ఒక ఇరుకు గదిలో పెరిగే పసివాడిని చూపారు. మళ్ళీ గంగ ఒడ్డుకే వెళ్ళి 2012లో ‘చర్’ పూర్తిచేశారు. మరుసటి సంవత్సరం అది బెర్లిన్ చిత్రోత్సవానికి వెళ్ళింది.

అందులో పద్నాలుగేళ్ళ కుర్రవాడు కథానాయకుడు. నాలుగేళ్ళప్పుడు వాడి ఇంటిని గంగ తీసుకుపోయింది. గూడు చెదిరిన ఇతర కుటుంబాలతోపాటు వాడివాళ్ళూ ఈ ఇసుకదిబ్బమీద కాపురం పెట్టారు. ఇరుదేశాల సరిహద్దు భటుల కళ్ళూ వారిమీదనే. ఆవలిగట్టున తన పాత బడికి పోవాలని వాడి కోరిక. పోయేది మాత్రం బంగ్లాదేశ్‌కు, దొంగచాటుగా బియ్యం మూటతో. దీనిని నేరమని తేల్చివేయడం సులభమే. వాడికి మరే పని ఉన్నదో చెప్పడమే కష్టం.

వరదలను ఎగిరే విమానంలోంచి చూపే చిత్రాలు మనకు కొత్తగావు. సారంగి కెమెరా లంకవాసుల నడుమ నేలమీద నిలబడింది. ఏటి పుణ్యాన పుట్టి, ఏటికే పోయే ఇటువంటి ఊళ్ళకు దస్తావేజులు మిగలవు. అక్కడివారి మాట, నడక, మూటలు మోసే భుజాలు ఈ ఎనభైయెనిమిది నిమిషాల చిత్రంలో మిగిలాయి.

వర్షాకాలపు మేఘాలు కమ్ముకొస్తాయి, ఏరు మళ్ళీ పొంగుతుంది. తాము మునగబోమని కుర్రవాడు నవ్వుతూ చెబుతాడు.