తమ్ముడు చేయని తప్పు

గత సెలవులలో ఒకనాడు మా గేమ్ కన్సోల్ డిస్కును చదవలేదు. డిస్కుపై సన్నని గీత కనిపించగానే, “అంతా నీవల్లే!” అని తమ్ముణ్ణి నిందించాను. వాడు కంటతడితో మౌనంగా వెళ్లిపోయాడు.

నాన్నగారు మెత్తని పొడిగుడ్డతో డిస్కును మధ్యనుండి అంచువైపునకు తిన్నగా తుడవమన్నారు. గుండ్రంగా తుడిస్తే సమాచారపు వరుస వెంబడే గీతలు పడవచ్చట. తుడిచినా ఫలితం లేకపోయింది. తరువాత మరి మూడు డిస్కులు పెట్టి చూశాము. యంత్రం ఒక్కదానినీ చదవలేదు. కాబట్టి లోపం యంత్రంలోనే ఉన్నదని గ్రహించాము.

లేజరు కాంతిని డిస్కుపై ప్రసరింపజేసే కటకం మీద ధూళి పేరుకున్నది. మరమ్మతు చేసే ఆయన దానిని తొలగించగానే, గీత పడిన ఆ డిస్కే చక్కగా నడిచింది.

యంత్రాన్ని పరీక్షించకముందే తమ్ముడిపై తీర్పు చెప్పినందుకు సిగ్గుపడ్డాను. వాణ్ణి పిలిచి క్షమించమన్నాను. ఆనాటి తొలి ఆట వాడిదే.