ముందు పొందూరులో దిగండి

“కళింగాంధ్రకు ఏ బస్సెక్కాలి?” అని విజయనగరం కాంప్లెక్సులో అడిగితే నవ్వుతారు. జిల్లాలున్నాయి. 1950లో విశాఖ నుంచి శ్రీకాకుళం విడిపోయింది, 1979లో విజయనగరం వచ్చింది, 2022లో పార్వతీపురం మన్యం. కళింగ మాత్రం ఏ జిల్లా పేరులోనూ లేదు. అదేమైందో చూద్దామని రెండు రోజులు తిరిగొచ్చాను.

విజయనగరం రాజులు పూసపాటివారు 1713లో కట్టిన కోట దగ్గర మొదలుపెట్టాను. దసరా వెళ్లిన మంగళవారం పైడితల్లి సిరిమాను గుడి నుంచి ఈ కోటకు మూడుసార్లు తిరుగుతుంది. ఆ చింతమాను కొసన కూర్చుని పూజారి జనం నెత్తిన తేలుతూ వస్తాడు. 1757లో బొబ్బిలి యుద్ధం గెలిచి, ఆ వెంటనే తాండ్ర పాపారాయుడి చేతిలో చనిపోయిన పూసపాటి విజయరామరాజుకు ఈ తల్లి చెల్లెలని నమ్మకం. గెలుపును పక్కనపెట్టి, ఆ ఇంటి ఆడపడుచునే ఊరు కొలుచుకుంటోంది.

పాసింజరు ఎక్కి పొందూరులో దిగాను. ఒక వసారాలో ముసలమ్మ గుప్పెడు పత్తిని అరచేతి పొడవు ఎముక మీద దువ్వుతోంది. ఎముకకు సన్నటి పళ్లు, దగ్గరగా చూస్తే గాని కనబడవు. పీచు ఆ పళ్లలోంచి జారేటప్పటికి నలకలన్నీ కిందే ఉండిపోతున్నాయి.

“ఏటి బావూ, అలగ సూత్తన్నావు? వాలుగ సేప దవడ ఇది. ఇది నేకపోతే మా పత్తి పని నేదు” అంది.

శుభ్రం చేసిన పత్తిని ఏకులు చుట్టి, మెత్తదనం పోకుండా ఎండిన అరటిదవ్వలో దాచింది. ఆ ఏకులే రాట్నం మీద వెంట్రుకంత నూలవుతాయి. పొందూరు పంచె సన్నదనమంతా అక్కడ పుట్టిందే.

మర్నాడు శ్రీకాకుళం నుంచి ముఖలింగం వెళ్లాను. వంశధార గట్టున చిన్న పల్లె. ఒకప్పుడు ఇదే తూర్పు గాంగుల రాజధాని కళింగనగరం. మధుకేశ్వరుడి గర్భగుడిలో పెద్ద మట్టి గోళెం ఉంది, ఎవరో కుమ్మరి మొక్కు చెల్లించుకున్నదని చెప్పుకుంటారు. పూరీ జగన్నాథాలయం పని మొదలుపెట్టించిన అనంతవర్మ చోడగంగ దేవుడు 12వ శతాబ్దంలో రాజధానిని కటకానికి మార్చాడు. అప్పట్నుంచి రాజ్యం కథ ఒడిశా వైపు నడిచింది. గుళ్లు, భాష, జనం ఇక్కడే ఉండిపోయారు.

సాయంత్రానికి శాలిహుండం కొండ మీది బౌద్ధ స్తూపాలు చూసి, వంశధార సముద్రంలో కలిసేచోటికి చేరాను. అక్కడ కనిపించింది నేను వెతికిన పేరు, ఊరి బోర్డు మీద: కళింగపట్నం. ఈ తీరం నుంచి ఓడలెక్కి వెళ్లినవాళ్ల వల్లే మలయా, జావాల్లో మనవాళ్లకు ‘కెలింగ్’ అన్న పేరు పడింది. ఇప్పుడా రేవులో దీపస్తంభం, ఇసుకలో నాలుగు తెప్పలు.

వెళ్లేవాళ్లకు ఒక మాట. ముఖలింగం రాయి వెయ్యేళ్లు నిలిచింది, మీరు పదేళ్లు ఆలస్యంగా వెళ్లినా అక్కడే ఉంటుంది. పొందూరులో చేప దవడ పట్టుకుని కూర్చున్నవాళ్లు ఎక్కువమంది ముసలమ్మలే. ముందు పొందూరులో దిగండి.