ఊరొదిలిన వీరులు

ఇంట్లో పిల్లలు ఫోన్లో తలదూర్చి కొరియా కామిక్స్ చదువుతున్నారా? అయితే ఆ కథల తీరు మీ చెవిన పడే ఉంటుంది. హీరోని ఎవరూ లెక్కచేయరు. వెలివేస్తారు, వెక్కిరిస్తారు. అతడేమో ఎదురుతిరిగి సొంత దారి వేసుకుంటాడు. ప్రపంచమంతా పేరు తెచ్చుకున్న ‘సోలో లెవెలింగ్’లోనూ అంతే. వేటగాళ్లందరిలోకీ బలహీనుడే చివరికి అందరినీ మించిపోతాడు.

ఇలాంటి వీరుడు కొరియాకు కొత్తేం కాదు. వాళ్ల పాత కథల్లో హాంగ్ గిల్‌డాంగ్ అని ఒకడున్నాడు. పెద్దింటి అయ్యకూ పనిమనిషికీ పుట్టినవాడు. కన్నతండ్రిని ‘నాన్నా’ అని పిలిచే హక్కు కూడా లేదు. ఇల్లొదిలి దొంగల దండుకు నాయకుడై, అవినీతి అధికారులను కొల్లగొట్టి పేదలకు పంచుతాడు. ఆఖరికి దేశమే వదిలి, వేరేచోట రాజవుతాడు.

అది కథ. కానీ అలా ఊరొదిలి కొత్త ఊరు కట్టుకున్న మనుషులు నిజంగానే ఉన్నారు. ఎక్కడో కాదు... మన చీరాలలో!

చీరాల అనగానే గుర్తొచ్చేవి బట్టల దుకాణాలు, జాండ్రపేట మగ్గాలు, ఆరేడు కిలోమీటర్ల దూరంలోని వాడరేవు తీరం. విజయవాడ - చెన్నై రైలుమార్గంలో ఉన్న ఈ పట్టణం 2022 నుంచి బాపట్ల జిల్లాలో భాగం. నూరేళ్ల కిందట ఇక్కడి జనాభా సుమారు 15 వేలు. చాలామందికి నేతే బతుకుదెరువు. 1919లో మద్రాసు ప్రభుత్వం చీరాల, పేరాలలను కలిపి మున్సిపాలిటీ చేసింది. పన్నులు ఒక్కసారిగా ఎన్నో రెట్లు పెరిగే పరిస్థితి. ‘మాకొద్దు మున్సిపాలిటీ’ అన్నారు జనం. పన్ను కట్టనన్నందుకు జైలుకెళ్లినవారిలో రావూరి అలమేలుమంగమ్మ అనే మహిళ కూడా ఉన్నారు.

వాళ్లకు దొరికిన నాయకుడు దుగ్గిరాల గోపాలకృష్ణయ్య. 1889లో పెనుగంచిప్రోలులో పుట్టారు. పసితనంలోనే తల్లిదండ్రులు పోయారు. ఎడిన్‌బరోలో ఎం.ఏ. చేశారు. ఆనంద కుమారస్వామితో కలిసి ‘అభినయ దర్పణా’న్ని ఇంగ్లిషులోకి తెచ్చారు. అంత చదువూ చదివి ఏ ఉద్యోగంలోనూ ఇమడలేకపోయారు. పాట, పద్యం, హాస్యం కలగలిపి మాట్లాడుతుంటే జనం కదలకుండా వినేవారు. ‘ఆంధ్రరత్న’ అని పిలుచుకునేవారు. ఆయన కూడగట్టిన సేన పేరు ‘రామదండు’. కాషాయం కట్టి, మెడలో రుద్రాక్షలు వేసుకున్న ఆ దండు చేతిలో ఆయుధం ఉండేది కాదు.

1921 ఏప్రిల్ 6న గాంధీజీ చీరాల వచ్చారు. పన్నులు కట్టకుండా శాంతియుతంగా ఎదిరించడం ఒక దారి, మున్సిపాలిటీ హద్దులు దాటి వెళ్లిపోవడం మరో దారి అన్నారు. మనుషులే లేకపోతే మున్సిపాలిటీ ఎవరికి? చీరాల రెండో దారి పట్టింది. నడి వేసవిలో సుమారు 13 వేల మంది సొంత ఇళ్లకు తాళాలేసి ఊరు దాటారు. ముసలీ ముతకా, చంటిపిల్లలూ అందరూ! ఊరవతల గుడిసెలు వేసుకుని, దానికి ‘శ్రీరామనగరం’ అని పేరు పెట్టుకున్నారు. ఎండలు పోయి వానలొచ్చాయి, చలికాలమూ వచ్చింది. కూతవేటు దూరంలో ఇల్లు ఉండీ, గుడిసెలో గడపడం ఎంత కష్టమో తలచుకోవాల్సిందే. అలా 11 నెలలు!

నిధుల కోసం బరంపురం వెళ్లిన గోపాలకృష్ణయ్య, ఉపన్యాసం ఇవ్వకూడదన్న ఆజ్ఞను ధిక్కరించారు. ఏడాది జైలుశిక్ష పడింది. తిరుచిరాపల్లి జైలుకు పంపారు. ఇక్కడ నాయకుడు లేడు, చేతిలో డబ్బు లేదు. 1922లో జనం ఒక్కొక్కరుగా ఇళ్లకు తిరిగొచ్చారు. ఆనాటికి సర్కారు పంతమే నెగ్గింది.

కామిక్స్‌లో హీరో ఓడితే మరింత బలం పుంజుకుని లేస్తాడు. గోపాలకృష్ణయ్యకు ఆ అవకాశం దక్కలేదు. క్షయ వ్యాధి బారిన పడి 1928 జూన్‌లో 39 ఏళ్లకే కన్నుమూశారు. హాంగ్ గిల్‌డాంగ్‌లా ఆయనకు రాజ్యమూ రాలేదు. అయితే కథల్లో ఊరు వెలివేస్తే వీరుడు ఒంటరిగా వెళ్లిపోతాడు. చీరాలలో అలా కాదు... వీరుడి వెంట ఊరే బయటికి నడిచింది. వాళ్లలో చాలామంది పేర్లు ఏ పుస్తకంలోనూ లేవు.

ఈసారి బట్టలు కొనడానికో, వాడరేవులో అలలతో ఆడుకోవడానికో చీరాల వెళ్తే, పిల్లల చేతిలోని ఫోన్ కాసేపు పక్కన పెట్టించి ఈ కథ చెప్పండి. ఇది జరిగిన నేల మీదే వాళ్లు నిలబడి ఉన్నారని కూడా చెప్పండి.