సోమ్ ఒడ్డున జర్మన్ సిపాయి

ఫ్రాన్స్ ఉత్తరాన ఫాన్సోమ్ అనే చిన్న ఊరి పక్కన సోమ్ నది ఊటగా పుడుతుంది. అక్కడి నుంచి సముద్రం దాకా 245 కిలోమీటర్లు. అంత దూరంలో అది దిగే ఎత్తు వంద మీటర్లయినా లేదు కనుక దానికి తొందర తెలియదు. గోదావరి డెల్టాలో పంటకాలువ నడిచినట్టు నడుస్తుంది. చెరువులుగా విడిపోతుంది, రెల్లుపొదల్లో ఆగుతుంది, మళ్ళీ కలుస్తుంది. రెండు వైపులా సుద్దనేల, దాని మీద గోధుమ, చక్కెర దుంప.

సోమ్ అనగానే ఇంగ్లిష్ పుస్తకాలు చదివినవాళ్ళకి మొదటి ప్రపంచయుద్ధంలోని 1916 జులై 1 గుర్తొస్తుంది. ఒక్క రోజులో 57 వేల మందికి పైగా బ్రిటిష్ సైనికులు చనిపోయారు లేదా గాయపడ్డారు. ఆ కథ మనకు బాగా తెలుసు. అదే నేల మీద ముళ్ళతీగకు అవతల ఏళ్ళ తరబడి బతికిన జర్మన్ సిపాయి ఏం తిన్నాడు, ఎక్కడ పడుకున్నాడు, ఎవరి ఇంట్లో పడుకున్నాడు, ఇంటికి ఏం రాశాడు అన్నది మాత్రం మనకు పెద్దగా చేరలేదు. ఊట దగ్గర మొదలుపెట్టి నది వెంట పోతే ఆ బతుకు వరసగా కనిపిస్తుంది. నది పైభాగం అతని చేతుల్లో ఉండేది. నడిభాగంలో అతను నేల కింద ఉండేవాడు. దిగువభాగం ఆ యుద్ధంలో అతనికి దక్కలేదు.

ఊట దాటి కొద్ది దూరం వస్తే సాన్-కాంతాన్ పట్టణం. 1914 ఆగస్టు 28న జర్మన్లు ఇందులో అడుగుపెట్టారు. 1918 అక్టోబర్ మొదటి రోజుల దాకా వదల్లేదు. సిపాయికి ఇది యుద్ధం కాదు, యుద్ధానికి వెనకవాకిలి. కందకంలో కొన్ని రోజులు, దాని వెనక మరికొన్ని రోజులు గడిపాక ఇలాంటి ఊరికి విశ్రాంతికి వచ్చేవాడు. మొదట స్నానం, తర్వాత బట్టల ఆవిరి. అతుకుల్లో దాగిన పేలు చావాలంటే ఆవిరి తప్ప దారి లేదు. పేల గురించి రాయని జర్మన్ జాబుల కట్ట అరుదు. ఆ తర్వాత నిద్ర, సినిమా, బీరు, బూట్లకు మరమ్మతు. ఊరి గడియారాలు కూడా జర్మన్ సమయానికే మోగేవి.

ఆ నిద్రకు పరుపు ఎక్కడిది? అది సాన్-కాంతాన్‌లో ఏదో కుటుంబం పరుపు. కొంతకాలానికి ఆ పరుపుల్లోని ఉన్నినీ, వంటిళ్ళలోని రాగి పాత్రలనూ సైన్యం పట్టుకుపోయింది. ఊరివాళ్ళు పాసులు లేకుండా పక్క గ్రామానికి కూడా పోలేకపోయారు. సిపాయి మంచివాడే కావచ్చు. ఆ ఇంటి పిల్లలకు రొట్టెముక్క ఇచ్చి ఉండవచ్చు, అలా ఇచ్చినవాళ్ళు నిజంగానే ఉన్నారు. అయినా అతని విశ్రాంతి ఇంకొకరి లేమి మీద నిలబడిందన్న సంగతిని వదిలేసి అతని కష్టం చెప్పుకుంటే కథ సగమే అవుతుంది.

ఈ ఊరి చిత్రకారుడు మోరిస్ కాంతాన్ ద లా తూర్ 18వ శతాబ్దంలో గీసిన పాస్టెల్ చిత్రాలను జర్మన్లు 1917లో మోబోజ్ పట్టణానికి తరలించి, ఒక దుకాణంలో మ్యూజియం పెట్టి ప్రదర్శించారు. సిపాయిలు సెలవుపూట వరసకట్టి చూశారు. మూడు వారాల కిందట బురదలో బొర్లిన మనిషి ఒక ఫ్రెంచి దొరసాని నవ్వు ముందు నిలబడటం నన్ను కదిలిస్తుంది. ఆ బొమ్మ అక్కడికి ఎలా వచ్చిందన్నదీ అంతే కదిలిస్తుంది.

నది ఇక్కడి నుంచి నైరుతిగా తిరిగి హామ్ చేరుతుంది. దారిలో తిండి మాట చెప్పుకోవాలి, ఎందుకంటే సిపాయి రోజంతా తిరిగేది దాని చుట్టూనే. 1914లో నియమం ప్రకారం మనిషికి రోజుకు 750 గ్రాముల రొట్టె, 375 గ్రాముల మాంసం, కిలోన్నర బంగాళాదుంపలు, కాఫీ, రెండు చుట్టలు, రెండు సిగరెట్లు. వంట గుర్రపు బండి మీది పొయ్యిలో. పొగగొట్టం ఫిరంగిలా నిలబడేది కనుక సిపాయిలు దానికి గులాష్ ఫిరంగి అని పేరు పెట్టారు. బ్రిటిష్ నౌకాదళం సముద్రం మూసేసిన కొద్దీ ఈ లెక్క తరుగుతూ వచ్చింది. 1916 నడిమికి వారంలో ఒక రోజు మాంసం ఆగిపోయింది. వెన్న బదులు దుంపల జామ్, కాఫీ బదులు వేయించిన బార్లీ, కూరగాయల బదులు ఎండబెట్టిన తునకలు.

1916లో జర్మనీలో బంగాళాదుంప పంట పోయింది. ఆ చలికాలంలో పశువులకు వేసే ముల్లంగిజాతి దుంపే జనానికి కూడయింది. అప్పటి నుంచి జాబుల దారి మారింది. అంతవరకు ఇల్లు సిపాయికి పొట్లాలు పంపేది. ఇప్పుడు సిపాయి తన వాటాలోంచి మిగిల్చి, ఫ్రెంచి పల్లెలో కొన్నదో దోచినదో జతచేసి, సెలవుకు వెళ్ళేటప్పుడు మూట కట్టుకుపోయాడు. భార్యల ఉత్తరాల్లో క్యూలు, బొగ్గు లేని పొయ్యిలు, పాలు దొరకని పసిబిడ్డలు. సైన్యం ఆ ఉత్తరాలకు భయపడింది. అలాంటివి రాయవద్దని ఇళ్ళకు పదేపదే చెప్పించింది. ఆ యుద్ధమంతటిలో జర్మన్ సైనిక తపాలా మోసిన జాబులు, పొట్లాలు దాదాపు 2,870 కోట్లు. సైనికుడి జాబుకు తపాలా బిళ్ళ అంటించనక్కర్లేదు. 1916 ఏప్రిల్ నుంచి తనిఖీ కట్టుదిట్టమైంది కానీ అసలు తనిఖీ అంతకు ముందే మనిషి లోపలే జరిగేది. అమ్మకు రాసే జాబులో బాగున్నాను, సాక్సులు అందాయి, వాన పడుతోంది అన్నవి ఉంటాయి. పక్క మంచం ఖాళీ అయిన సంగతి ఉండదు.

హామ్ కోట గోడలు కొన్నిచోట్ల 11 మీటర్ల మందం. తర్వాత చక్రవర్తి అయిన లూయీ నెపోలియన్ 1840 నుంచి 1846 దాకా ఇందులోనే ఖైదీ. 1917 మార్చిలో జర్మన్ సైన్యం దీన్ని మందుపెట్టి పేల్చేసింది. ఒక్క కోటనే కాదు. ఆ ఫిబ్రవరి, మార్చి నెలల్లో అల్బెరిఖ్ అనే పేరుతో సైన్యం ఇక్కడి నుంచి వెనక్కి, కొత్తగా కట్టుకున్న హిండెన్‌బర్గ్ రేఖకు జరిగింది. వెళ్తూ వెళ్తూ ఊళ్ళు తగలబెట్టింది, బావులు పాడుచేసింది, పండ్లచెట్లను మొదలంటా కోసింది, లక్షకు పైగా జనాన్ని తరలించింది. ఆ గొడ్డలి పట్టినవాడు సాధారణ సిపాయి. చాలామంది స్వయంగా రైతుబిడ్డలు, కాపుకొచ్చిన ఆపిల్ చెట్టు విలువ తెలిసినవాళ్ళు. కొందరు సిగ్గుపడ్డారు, కొందరు ఉత్సాహంగా చేశారు. ఈ భాగం సేనాపతి, బవేరియా యువరాజు రూప్రెఖ్ట్ కూడా ఈ విధ్వంసాన్ని వ్యతిరేకించాడు. విధ్వంసం మాత్రం ఆగలేదు.

హామ్ తర్వాత నది ఉత్తరానికి మళ్ళి పెరోన్ చేరుతుంది. ఫ్రెంచి గుండ్లూ జర్మన్ మంటలూ కలిసి కూల్చిన ఈ ఊరి మునిసిపల్ భవనం మీద, వెళ్ళిపోతూ జర్మన్లు ఒక బల్ల వేలాడదీశారు. కోపపడకండి, ఆశ్చర్యపోండి చాలు అని దాని మీద రాత. 1992లో ఇక్కడే, పాత కోటను ఆనుకుని, మహాయుద్ధ మ్యూజియం తెరిచారు. జర్మన్, ఫ్రెంచి, బ్రిటిష్ సిపాయిల దుస్తులూ సామానూ నేలలో తవ్విన లోతు తక్కువ గుంటల్లో పడుకోబెట్టి ఉంటాయి. నిలబెట్టిన బొమ్మలు లేవు. చూడాలంటే తలవంచాలి.

పెరోన్ దగ్గర నది పడమటికి తిరుగుతుంది. మొదటి ఊరు క్లెరీ. మెషిన్‌గన్ దళంలో ఉన్న చిత్రకారుడు ఓటో డిక్స్ 1916లో ఈ ప్రాంతంలోనే పోరాడాడు. 1924లో అచ్చువేసిన ‘యుద్ధం’ అనే 50 చెక్కుడు చిత్రాల్లో ఒకదానికి క్లెరీ ఏటవాలు పేరే పెట్టాడు. అందులో ఇద్దరు చచ్చిన సిపాయిలు కందకంలో ఎదురెదురుగా కూర్చుని ఉంటారు. ఎనిమిదేళ్ళ తర్వాత కూడా ఊరి పేరు, వాలు పేరు మరిచిపోలేదు డిక్స్.

క్లెరీ దాటాక ఫ్రీజ్, కుర్లూ గ్రామాల దగ్గర 1914 నుంచి యుద్ధరేఖ నదిని అడ్డంగా దాటేది. ఉత్తరపు పీఠభూమి మీద, సోమ్‌లో కలిసే ఆంక్ర్ వాగు దగ్గర, జర్మనీలోని ఊర్టెంబెర్గ్ సిపాయిలు దాదాపు రెండేళ్ళు ఒకేచోట ఉండి సుద్దను తవ్వుకుంటూ పోయారు. ఆరేడు మీటర్ల లోతు, ఇంకా ఎక్కువ కూడా. మెట్లు, చెక్క గోడలు, అంతస్తుల మంచాలు, కుంపటి, కొన్నింట్లో విద్యుద్దీపం. సిపాయి రోజులో తుపాకీ పేల్చే నిమిషాల కంటే పార పట్టే గంటలే ఎక్కువ. పగలు కాపలా, రాత్రి మట్టి మోత, దుంగల మోత, తీగ మోత. ఎలుకలు రొట్టె కొరకకుండా సంచీని తాడుతో పైకప్పుకు కట్టేవాళ్ళు.

1916 జూన్ 24న బ్రిటిష్ ఫిరంగులు మొదలై వారం రోజుల్లో 15 లక్షల గుండ్లు కురిపించాయి. కింద ఉన్నవాళ్ళకు తిండి రాలేదు. నీళ్ళు అయిపోయాయి. గాలి ఆడక కొవ్వొత్తులు ఆరిపోయేవి. మెట్లు కూలితే లోపలివాళ్ళు చేతులతో తవ్వుకుని బయటపడాలి. కొందరికి మతి చలించింది. జులై 1 ఉదయం గుండ్లు వెనక్కి జరగ్గానే బతికినవాళ్ళు మెట్లెక్కి మెషిన్‌గన్లు పెట్టారు. మనకు తెలిసిన కథ అక్కడ మొదలవుతుంది.

తర్వాతి నాలుగున్నర నెలల్లో ఆ నేలమాళిగలు కూడా మిగల్లేదు. సిపాయి గుంటలోకి వచ్చాడు, గుండు చేసిన గుంటలోకి. రాత్రిపూట సూప్ డబ్బాలు వీపుకు కట్టుకుని పాకుతూ వచ్చేవాళ్ళలో ఎంతమంది చేరతారో, చేరిన సూప్‌లో ఎంత మట్టి ఉంటుందో చెప్పలేరు. తోలు శిరస్త్రాణం పోయి ఉక్కు టోపీ వచ్చింది ఆ ఏడాదే. 21 ఏళ్ళ లెఫ్టినెంట్ ఎర్న్స్ట్ యూంగర్ తన జేబు నోటుపుస్తకాల్లో గియ్మోన్ గ్రామాన్ని రాసుకున్నాడు. అతను గాయపడి ఆసుపత్రిలో ఉండగా అక్కడే అతని ప్లటూన్ తుడిచిపెట్టుకుపోయింది.

మనకు ఇక్కడ ఒక సొంత దారం ఉంది. జులై 14 సాయంత్రం, నదికి ఉత్తరాన హై వుడ్ అనే అడవి అంచున, పండుతున్న పైరులోకి బల్లేలతో గుర్రపుదండు దూకింది. అది సికింద్రాబాద్ కావల్రీ బ్రిగేడ్. అందులో దక్కన్ హార్స్ రెజిమెంట్ మూలాలు నిజాం కాలపు హైదరాబాద్ కంటింజెంట్‌వి. పైరులో నక్కిన జర్మన్ సిపాయిల్లో కొందరు బల్లెం పోటుకు చచ్చారు, కొందరు చేతులెత్తారు. వారాలుగా గుండ్లు తప్ప మనిషి ముఖం చూడని ఆ కుర్రాళ్ళకు ఎదురైన శత్రువు దక్కన్ పేరు మోసే రౌతు. దండు తెల్లారేసరికి వెనక్కి వచ్చింది. ఆ అడవి బ్రిటిష్ చేతికి చిక్కింది సెప్టెంబర్ 15న.

నదికి దక్షిణాన వెర్మాన్‌దోవీయే జర్మన్ శ్మశానంలో 22 వేల మందికి పైగా ఉన్నారు. సగానికి పైగా సామూహిక సమాధుల్లోనే. మిగిలినవాళ్ళకు సిలువలున్నాయి, ఒక్కో సిలువ మీద నాలుగేసి పేర్ల దాకా. కవి ఆల్ఫ్రెడ్ లిఖ్టెన్‌స్టైన్ 1914 సెప్టెంబర్‌లో ఈ ఊరి దగ్గరే చనిపోయాడు. అతను యూదుడు. ఇక్కడి జర్మన్ శ్మశానాల్లో సిలువల మధ్య అక్కడక్కడా నక్షత్రం చెక్కిన రాతిపలకలు కనిపిస్తాయి. 1916 అక్టోబర్‌లో, సోమ్ పోరు ఇంకా సాగుతుండగానే, ప్రష్యా యుద్ధశాఖ సైన్యంలోని యూదులను లెక్కించమని ఆజ్ఞ ఇచ్చింది. వాళ్ళు యుద్ధరేఖకు దూరంగా తప్పించుకుంటున్నారన్న నింద మీద. కందకంలో మొలలోతు బురదలో ఉన్నవాణ్ణి పిలిచి, నువ్వు ఇక్కడే ఉన్నావా అని కాగితం మీద రాసుకున్నారు. లెక్క ఫలితం యుద్ధకాలంలో ప్రకటించలేదు. ఆ యుద్ధంలో జర్మనీ కోసం చనిపోయిన యూదులు దాదాపు 12 వేలు.

నది బ్రే దాటి కోర్బీ వైపు వంకలు తిరుగుతుంది. ఈ వంకల దాకా సిపాయి మళ్ళీ వచ్చింది 1918 వసంతంలో. మార్చి 21న పొగమంచులో సాన్-కాంతాన్ నుంచి బయల్దేరాడు. దారిలో తగిలింది ఏడాది కిందట తను మాడ్చిన నేల. కప్పు లేదు, బావి లేదు, రోడ్డు లేదు. బండ్లు వెనకబడ్డాయి, తిండి రాలేదు. ఆల్బెర్ పట్టణం, బ్రిటిష్ గిడ్డంగులు చేతికి చిక్కినప్పుడు దళాలు ఆగిపోయాయి. తోలు బూట్లు, ఉన్ని కోట్లు, డబ్బా మాంసం, సారా. జర్మనీ గెలుస్తోందనీ శత్రువు ఆకలితో ఉన్నాడనీ విన్న మనిషికి ఆ గిడ్డంగి చూపు చాలు. వీయే-బ్రెతోనో దగ్గర ఏప్రిల్‌లో దాడి నిలిచిపోయింది. అప్పటికి నది మీది పెద్ద నగరం ఆమియాన్ 16 కిలోమీటర్ల దూరం. ఆగస్టు 8న ఆస్ట్రేలియన్, కెనడియన్, బ్రిటిష్, ఫ్రెంచి దళాలు ఎదురు దెబ్బ తీసినప్పుడు వేల మంది గుంపులుగా లొంగిపోయారు. సాయానికి వస్తున్న కొత్త దళాలను చూసి, యుద్ధాన్ని సాగదీయడానికి వచ్చారా అని వెనక్కి వెళ్తున్నవాళ్ళు తిట్టారని జర్మన్ సేనాని లూడెన్‌డార్ఫ్ స్వయంగా రాసుకున్నాడు. ఆకలి జాబుల ఏడాదిన్నర ఆ తిట్టులో ఉంది.

లొంగినవాళ్ళ పని అక్కడితో తీరలేదు. యుద్ధం ముగిశాక కూడా 1920 మొదటి నెలల దాకా జర్మన్ బందీలు ఫ్రాన్స్ పాడైన పొలాల్లో ముళ్ళతీగ చుట్టారు, పేలని గుండ్లు ఏరారు, కందకాలు పూడ్చారు.

ఆమియాన్ వీధుల్లో జర్మన్లు 1914లో పది పన్నెండు రోజులే ఉన్నారు. ఆ తర్వాత ఆ యుద్ధంలో మళ్ళీ రాలేకపోయారు. నగరం పక్కన నదీ కాలువల మధ్య తేలినట్టుండే కూరగాయల మడులు, అక్కడి నుంచి అబ్‌విల్, ఆపైన సాన్-వాలెరీ, ఇసుక తిన్నెల అఖాతం. రెండో ప్రపంచయుద్ధంలో, 1940 మే 20 రాత్రికి జర్మన్ ట్యాంకులు అబ్‌విల్‌లో ఉన్నాయి. సరిహద్దు దాటి పది రోజులే అయింది. తండ్రులు నాలుగేళ్ళలో చూడని సముద్రాన్ని కొడుకులు చూశారు. ఆ జూన్‌లో నదికి దక్షిణాన ఎరేన్ ఊళ్ళో, ఫ్రెంచి సైన్యపు కెప్టెన్ షార్ల్ ఎన్‌చొరేరే లొంగాక తనను అధికారిగా చూడమని అడిగాడు. గాబన్ దేశపు నల్లవాడని జర్మన్లు అతన్ని కాల్చేశారు. ఈ సిపాయిలు కూడా ఇళ్ళకు ఉచితంగా జాబులు రాశారు, సాక్సులూ వానా గురించి.

ఆ నాలుగేళ్ళలో జర్మన్లు ఈ తీరమంతా కాంక్రీటు పోసి, ఇసుకలో మందుపాతరలు పాతారు. 1944 సెప్టెంబర్ మొదట్లో పోలిష్ ట్యాంకులు అబ్‌విల్ చేరాయి. మరుసటి ఏడాది ఫ్రాన్స్ తీరాల్లో మందుపాతరలు తీసే పని జర్మన్ బందీల మీద పడింది. వాళ్ళు ఇనుప కడ్డీతో ఇసుకను గుచ్చి చూస్తూ నడిచారు. ఆ పనిలో ప్రాణాలు పోయినవాళ్ళు చాలామంది.