స్టాక్టను - డార్లింగ్టను రైలుమార్గము

రైలు చరిత్ర యనఁగానే జార్జి స్టీఫెన్సను పేరు మా నాలుకలపైకి వచ్చును. ఆయన కీర్తి న్యాయమైనదే. అయినను ఇంగ్లాండు ఉత్తరభాగమందలి యీ మార్గము కథ చదివినకొలఁది, అది యొక్కరి పేరుతో ముగియునది కాదని మాకుఁ దోఁచినది.

డరహాము మండలపు గనులలోని బొగ్గును స్టాక్టను రేవునకుఁ జేర్చుట ఆ కాలమున మిక్కిలి వ్యయప్రయాసలతోఁ గూడిన పని. డార్లింగ్టనులోని ఉన్ని వర్తకుఁడగు ఎడ్వర్డు పీసు మొదలగువారు పూనుకొనఁగా, 1821లో పార్లమెంటు రైలుమార్గమునకు అనుమతి నొసఁగెను. 1825 సెప్టెంబరు 27న లోకోమోషన్ అను ఆవిరియంత్రము, స్టీఫెన్సను నడుపఁగా, బొగ్గును పిండిని వందలకొలఁది జనులను మోయు బండ్లను లాగికొని స్టాక్టను చేరెను. కాని పీసు ఆ యుత్సవమున లేఁడు. ముందటి రాత్రియే ఆయన కుమారుఁడు ఐజాకు మరణించెను.

ఉత్సవము ముగిసినపిదప కష్టములు మొదలయ్యెను. ఉన్నది ఒక్కటే జత పట్టాలు. సుంకము చెల్లించినవారు తమ గుఱ్ఱములతోఁ బండ్లు నడుపుకొనవచ్చును. ఎదురుపడిన బండ్లవారు, ఎవరు వెనుకకుఁ బోవలెనని కలహించుచుండిరి. యంత్రములు తఱచుగాఁ జెడిపోవుచుండుటచే గుఱ్ఱములే మేలను మాటయుఁ బుట్టెను. అప్పుడు షిల్డనులో యంత్రముల పర్యవేక్షకుఁడైన తిమోతి హాక్వర్తు, కమ్మరపని నేర్చినవాఁడు, ఆఱు చక్రములను జతపఱచి 1827లో రాయల్ జార్జి అను యంత్రమును నిర్మించి, అది నిత్యము బరువులు లాగఁగలదని చూపెను. అయినను ప్రమాదములు తప్పలేదు. 1828లో లోకోమోషన్ బాయిలరు ప్రేలి దాని డ్రైవరు మరణించెను. ప్రయాణికుల బండ్లను 1833 వఱకు గుఱ్ఱములే లాగెను. 1863లో ఆ కంపెనీ నార్తు ఈస్టర్ను రైల్వేలోఁ గలిసిపోయెను.

ఈ పాఠముపై మా తరగతిలో వాదము జరిగెను. మార్గము చూపినవాఁడే ఘనుఁడని కొందఱును, దానిని నిలిపినవాఁడే ఘనుఁడని కొందఱును బలికిరి. మాలో ఇరువురి తండ్రులు రైలుమార్గమున పట్టాలు సరిచూచు పనివారు. ఎండయనక వానయనక మైళ్లకొలఁది నడచి మరలు బిగించు వారి పేళ్లను ప్రయాణికు లెవ్వరు నెఱుఁగరు. ఆ యిరువురును వాదమున నోరు విప్పలేదు. వారి మౌనము చూచి తక్కినవారమును మాటలు చాలించితిమి.

2025 సెప్టెంబరుతో ఆ మార్గమునకు ఇన్నూఱేండ్లు నిండినవి. ప్రేలిన బాయిలరు చెంత మరణించిన డ్రైవరు పేరు జాన్ క్రీ. పరీక్షలో ఆ పేరు నెవ్వరు నడుగరు. అయినను స్టీఫెన్సను, పీసు, హాక్వర్తుల పేళ్ల క్రింద మేమెల్లరము దానిని మా పుస్తకములలో వ్రాసికొంటిమి.